వై కా ఫై: ఒకే కథకు రెండో దారి

సభకు నమస్కారం.

హాంకాంగ్ సినిమా అనగానే మనకు బ్రూస్ లీ, జాకీ చాన్ గుర్తుకొస్తారు. మరికొంత శ్రద్ధగా చూసినవాళ్ళు జాన్ వూ పేరో, వాంగ్ కార్ వై పేరో చెబుతారు. ఆ నగరంలో రాసినవాళ్ళ పేర్లు మాత్రం మన దాకా రాలేదు. అందుకే ఈ సాయంత్రం ఒక రచయిత గురించే మాట్లాడదలచుకున్నాను. ఆయన పేరు వై కా ఫై. దర్శకుడిగానూ నిర్మాతగానూ ఆయనకు పేరుంది కానీ, నా దృష్టిలో ఆయన మొదట రచయిత, చివరికీ రచయితే. షేర్ మార్కెట్ చుట్టూ తిరిగే టీవీ ధారావాహిక, గ్యాంగ్‌స్టర్ కథ, ఆఫీసు ప్రేమకథ, కొత్త సంవత్సరానికి విడుదలయ్యే కుటుంబ హాస్యం, దెయ్యం కథ, బౌద్ధ కర్మ సిద్ధాంతాన్ని మోసే నేరకథ, మాదకద్రవ్యాల మీద పోలీసు సినిమా, ఇవన్నీ ఆయన చేతి మీదుగా వచ్చాయి.

ఇన్ని రకాలు రాశాడు కాబట్టి గొప్పవాడని చెప్పి ఊరుకుంటే ఆయనకు అన్యాయం చేసినట్టే. అడిగిన సరుకు అడిగినట్టు అందించే చేయి తిరిగిన రచయితలు ప్రతి సినిమా పరిశ్రమలోనూ ఉంటారు. వై కా ఫై ప్రత్యేకత వేరే చోట ఉంది. ఏ రకం కథ చేతికిచ్చినా ఆయన అందులో ఒకే ప్రశ్న వేస్తూ వచ్చాడు: మనిషికి రాసిపెట్టి ఉన్నదాన్ని మరోలా రాయవచ్చా? రాయగలిగితే ఆ మార్పుకు మూల్యం ఎవరు చెల్లించాలి? ఈ ప్రశ్నను పట్టుకుని చూస్తే, చెల్లాచెదురుగా కనిపించే ఆయన సినిమాలు ఒక వరుసలోకి వస్తాయి.

ముందుగా ఆయన వచ్చిన నేపథ్యం కొంచెం చెప్పాలి. హాంకాంగ్ ప్రజలు మాట్లాడేది కాంటనీస్ అయినా, 1960ల చివరికి వచ్చేసరికి అక్కడి పెద్ద స్టూడియోలు మరో చైనా భాష అయిన మాండరిన్ సినిమాల వైపు మొగ్గిపోయాయి. 1972 నాటికి కాంటనీస్ సినిమా దాదాపుగా ఆగిపోయింది. 1973లో ‘ద హౌస్ ఆఫ్ 72 టెనెంట్స్’ అనే హాస్యచిత్రం ఘనవిజయం సాధించాకే జనం భాష మళ్ళీ తెర మీదికి వచ్చింది. ఆ సినిమాలో టీవీబీ అనే టీవీ సంస్థ కళాకారులు చాలామంది కనిపిస్తారు. 1967లో మొదలైన ఈ టీవీబీ, సినిమా వదిలేసిన భాషను ఇళ్ళలో నిలబెట్టింది. తరువాతి తరం దర్శకులు, రచయితలు, తారలు ఎందరో అక్కడే పని నేర్చుకున్నారు.

1962లో పుట్టిన వై కా ఫై, 1980ల మొదట్లో టీవీబీ రచనా విభాగంలో చేరాడు. అక్కడి పని తీరు మనవాళ్ళకు సులువుగానే అర్థమవుతుంది. మన దగ్గర కథా చర్చలకు కూర్చున్నట్టే అక్కడా నలుగురైదుగురు ఒక గదిలో కూర్చుని కథను ముందుకు తోస్తారు. వారంలో అయిదు రాత్రులు ప్రసారమయ్యే ధారావాహికకు రోజూ ఒక మలుపు కావాలి, ఎపిసోడ్ చివర ప్రేక్షకుడు లేచి వెళ్ళకుండా చూడాలి, నలభై భాగాల తరువాత కూడా మొదటి భాగంలో వేసిన ముడిని మరిచిపోకూడదు. ఈ క్రమశిక్షణ ఆయనలో చెరగకుండా నిలిచిపోయింది. ఆయన సినిమాలలో కథ ఎంత విపరీతంగా ఉన్నా, తరువాత ఏమవుతుందన్న ఆత్రుత మాత్రం ఎక్కడా తగ్గదు.

1989లో ఆయన నిర్మాతగా వచ్చిన ‘లుకింగ్ బ్యాక్ ఇన్ యాంగర్’ జనాదరణ పొందిన కుటుంబ విషాదం. ఆయన పేరు చరిత్రలో నిలబెట్టింది మాత్రం 1992లో ప్రసారమైన ‘ద గ్రీడ్ ఆఫ్ మ్యాన్’. నలభై భాగాల ఈ ధారావాహికలో రెండు కుటుంబాల పగ, హాంకాంగ్ షేర్ మార్కెట్ ఎగుడుదిగుళ్ళతో ముడిపడి రెండు దశాబ్దాల పాటు నడుస్తుంది. 1973లో నిజంగా జరిగిన మార్కెట్ పతనం కూడా కథలో భాగమే. ఆడమ్ చెంగ్ పోషించిన డింగ్ హై అనే పాత్ర మొరటువాడు, మూర్ఖుడు, తనకు ధర్మం ఉందని గట్టిగా నమ్మే హంతకుడు. మార్కెట్ కూలినప్పుడల్లా అతని సంపద పెరుగుతుంది. చివరకు సర్వం పోయిన రోజున అతడు తన కొడుకులను ఎత్తైన భవనం మీదికి తీసుకెళ్ళి వాళ్ళ చావుకు కారకుడవుతాడు. ఇళ్ళలో భోజనాల వేళ చూసే టీవీలో ఇంత క్రూరమైన ముగింపు రాయడానికి చాలా ధైర్యం కావాలి. ఆ ముగింపు కేవలం దిగ్భ్రాంతి కోసం రాసింది కూడా కాదు. డబ్బు ఎవరికి ఎందుకు వస్తుందో, ఎందుకు పోతుందో తెలియని నగరంలో, అదృష్టాన్ని తన సొంత గుణంగా భ్రమపడినవాడు ఎక్కడికి చేరతాడో మొదటి భాగం నుంచీ పేర్చుకుంటూ వచ్చిన లెక్క అది.

ఆ పాత్ర జనంలోకి ఎంతగా వెళ్ళిందంటే, ఆడమ్ చెంగ్ కొత్త ధారావాహిక మొదలైతే షేర్లు పడిపోతాయనే నమ్మకం హాంకాంగ్ మదుపరులలో స్థిరపడిపోయింది. ఆర్థిక వార్తలలో సైతం ఆ మాట ఈనాటికీ వినిపిస్తుంది. 2015లో టీవీబీ అర్ధరాత్రి వేళ ఈ ధారావాహికను మళ్ళీ ప్రసారం చేసినప్పుడు జనం మేలుకుని మరీ చూశారు.

1995లో ఆయన ‘పీస్ హోటల్’తో సినిమా దర్శకుడయ్యాడు. జాన్ వూ నిర్మించిన ఆ చిత్రం, చౌ యున్ ఫాట్ హాలీవుడ్‌కు వెళ్ళే ముందు హాంకాంగ్‌లో చేసిన ఆఖరి సినిమాగా ఎక్కువ గుర్తుండిపోయింది. ఎంత నేరం చేసినవాడైనా లోపలికి వస్తే రక్షణ దొరికే ఒక సత్రం దాని కథాస్థలం. నాకది సగం పండిన పనిలా అనిపిస్తుంది కాబట్టి దాని మీద ఎక్కువసేపు ఆగను.

1996లో ఆయన, టీవీబీ నుంచే వచ్చిన దర్శకుడు జానీ టో కలిసి మిల్కీవే ఇమేజ్ అనే సంస్థను స్థాపించారు. పరిశ్రమకు అది గడ్డుకాలం. 1990ల మొదట్లో ఏడాదికి 200కు పైగా సినిమాలు తీసిన నగరంలో నిర్మాణం వేగంగా పడిపోతోంది, దొంగ వీసీడీలు వసూళ్ళను తినేస్తున్నాయి. పైగా 1997 జూలై 1న హాంకాంగ్ బ్రిటన్ చేతుల నుంచి చైనాకు మారబోతోంది. ఉండాలా, వలస వెళ్ళాలా అన్నది ఇంటింటా చర్చ.

సరిగ్గా ఆ 1997లోనే వై కా ఫై ‘టూ మెనీ వేస్ టు బి నెంబర్ వన్’ తీశాడు. లావ్ చింగ్ వాన్ పోషించిన చిల్లర రౌడీ ఒక జ్యోతిష్కుడికి అరచేయి చూపించడంతో కథ మొదలవుతుంది. తరువాత పాత ముఠావాళ్ళు కలిసి ఒక పథకం చెబుతారు. మొదటి కథలో అతడు చైనా ప్రధాన భూభాగానికి వెళ్ళి, వరుస తెలివితక్కువ పనులతో దిక్కులేని చావు చస్తాడు. సినిమా మళ్ళీ మొదటికి వస్తుంది. మొదట్లో తీసుకున్న ఒక చిన్న నిర్ణయం మారుతుంది. ఈసారి అతడు తైవాన్ వెళ్ళి, ఒకేలా కనిపించే కవల ముఠా నాయకుల తగవులో ఇరుక్కుంటాడు. బయటపడే తీరు వేరు, ముగింపు వేరు. ఒక సన్నివేశంలో కెమెరాను పూర్తిగా తలకిందులు చేసి ఘర్షణను చూపిస్తాడు.

దీన్ని విదేశీ విమర్శకులు కొందరు కథన ప్రయోగంగా మాత్రమే మెచ్చుకున్నారు. అది తక్కువ అంచనా అని నా అభిప్రాయం. ఉత్తరాన చైనాలోకి వెళ్తే ఏమవుతుంది, తైవాన్ వెళ్తే ఏమవుతుంది, ఇక్కడే ఉండిపోతే ఏమవుతుంది అని ఒక నగరమంతా ఆలోచిస్తున్న సంవత్సరంలో, ఏ ఆదర్శమూ లేని ఒక మామూలు మనిషిని పట్టుకుని ఆ దారులన్నీ నడిపించి చూపించిన సినిమా అది. సేతో కామ్ యూన్, మ్యాట్ చౌ కూడా దాని రచనలో పాలుపంచుకున్నారు. నాయకుడు ఒక్క ఉపన్యాసం కూడా ఇవ్వడు, చరిత్ర గురించి ఒక్క మాట మాట్లాడడు. రచయితగా ఆ సంయమనం నాకెంతో గౌరవం కలిగిస్తుంది.

అయితే గౌరవంతో సంస్థ నడవదు. తొలి మూడేళ్ళలో మిల్కీవే తీసిన చీకటి నేరకథలకు ప్రశంసలు వచ్చాయి గానీ పెట్టుబడి నిలకడగా తిరిగిరాలేదు. 2000లో ఇద్దరూ దారి మార్చి ‘నీడింగ్ యూ’ తీశారు. ఆండీ లావ్, సామీ చెంగ్ జంటగా వచ్చిన ఈ ఆఫీసు ప్రేమకథ 3.5 కోట్ల హాంకాంగ్ డాలర్లకు పైగా వసూలు చేసి, ఆ ఏటి అగ్రశ్రేణి స్థానిక విజయాలలో నిలిచింది. అందులో నాయిక మనసు కలత పడినప్పుడల్లా కనిపించినదాన్నల్లా తుడిచి శుభ్రం చేస్తూ ఉంటుంది. పాత్ర దిగులును ఒక్క డైలాగు లేకుండా చేతి పనిలోకి మార్చిన ఆ ఒక్క అలవాటుతో ప్రేక్షకురాలు ఆమెను తనదానిగా చేసుకుంది.

ఇక్కడి నుంచి మూడేళ్ళ పాటు ఆయన రాసిన వేగం ఆశ్చర్యపరుస్తుంది. 2001 చైనా కొత్త సంవత్సరానికి ‘వూ యెన్’ వచ్చింది, అందులో అనీటా ముయ్ మగవేషంలో చక్రవర్తిగా నటించింది. అదే ఏడాది ‘లవ్ ఆన్ ఎ డైట్’ వచ్చింది. ప్రియుణ్ణి కలుసుకోవడానికి బరువు తగ్గాలనుకునే స్థూలకాయురాలి కోసం, తోడుగా ఉన్న స్థూలకాయుడు వీధిలో నిలబడి, డబ్బిచ్చినవాళ్ళ చేత దెబ్బలు తింటాడు. హాస్యచిత్రంలో అటువంటి త్యాగాన్ని కన్నీరు పిండకుండా రాయడం సామాన్యమైన పని కాదు. 2002లో మాజాంగ్ ఆట చుట్టూ అల్లిన ‘ఫ్యాట్ చోయ్ స్పిరిట్’ వచ్చింది. చేతికి ఎలాంటి పావులు వచ్చాయన్నదానికన్నా, వచ్చినవాటిని ఏ స్వభావంతో ఆడావన్నదే ముఖ్యమని అందులో పాత్రలు నేర్చుకుంటాయి. అదే ఏడు ‘మై లెఫ్ట్ ఐ సీస్ గోస్ట్స్’ అనే దెయ్యం ప్రేమకథ, 2003లో తైపీ నేపథ్యంగా ‘టర్న్ లెఫ్ట్ టర్న్ రైట్’ వచ్చాయి. పక్కపక్క ఇళ్ళలో ఉంటూ, ఒకరు ఎడమకూ ఒకరు కుడికీ తిరగడం వల్ల కలుసుకోలేకపోయే ఇద్దరి కథ అది. వీటిని పండుగ సరుకు అని కొట్టిపారేసేవాళ్ళతో నేను ఏకీభవించను. అదృష్టం, యాదృచ్ఛికం, తప్పిపోయిన దారి అనే అవే విషయాలను ఆయన ఇక్కడ కుటుంబమంతా కలిసి నవ్వుతూ చూసే రూపంలోకి తెచ్చాడు.

మన దేశంతో ఒక సంబంధం కూడా చెప్పాలి. 2005 కొత్త సంవత్సరానికి ఆయన ‘హిమాలయ సింగ్’ అనే హాస్యచిత్రాన్ని భారతదేశం నేపథ్యంగా తీశాడు. అక్కడి ప్రేక్షకులకు యోగా, మన పాటలు, రంగులు వింతగా, ముచ్చటగా ఉంటాయన్న ఊహ మీద నడిచిన చిత్రమది. భారతీయ ప్రేక్షకుడిగా చూస్తే చాలా చోట్ల నొచ్చుకుంటాం. ఆయన పనిలో బలహీనమైనవాటిలో దాన్నొకటిగా లెక్కిస్తాను.

మన ఆలోచనకు నిజంగా దగ్గరగా వచ్చినది అంతకు ముందరి ‘రన్నింగ్ ఆన్ కర్మ’. సార్స్ వ్యాధి హాంకాంగ్‌లో 299 మందిని బలిగొన్న 2003లో, ఆ భయం తగ్గిన కొన్ని నెలలకు ఈ సినిమా విడుదలైంది. ఆండీ లావ్ భారీ కండల కృత్రిమ దేహంతో నటించిన నాయకుడు ఒకప్పటి బౌద్ధ భిక్షువు. ప్రతి మనిషి పూర్వజన్మ కర్మ అతనికి కళ్ళకు కట్టినట్టు కనిపిస్తుంది. అతడు సన్యాసం ఎందుకు వదిలాడో చెప్పే సన్నివేశం చూడండి. స్నేహితురాలిని ఒకడు చంపి పారిపోయాడు, హంతకుడు దొరకలేదు. కోపం పట్టలేక అతడు చేతికర్రతో చెట్టును బాదుతాడు, ఆ దెబ్బకు ఒక పిచ్చుక చచ్చిపడుతుంది. ఏడు రోజులు ఆ పిచ్చుక దగ్గరే కూర్చుంటాడు. ఆ తరువాతే అతనికి ఈ చూపు వస్తుంది, కాషాయం విప్పేస్తాడు. హంతకుడి మీది కోపంతో తాను హంతకుడైన క్షణంలో జ్ఞానం కలగడం, ఆ జ్ఞానం వల్లే సన్యాసం నిలవకపోవడం, ఈ రెండింటినీ అంత చిన్న సంఘటనలో ఇమిడ్చిన రచన నేను వేరే చోట చూడలేదు.

సిసిలియా చుంగ్ పోషించిన యువ పోలీసు అధికారి మంచి మనిషి. కానీ అతనికి ఆమె వెనుక ఒక జపాన్ సైనికుడు కనిపిస్తాడు. యుద్ధకాలంలో ఆ సైనికుడు చేసిన హత్యల ఫలం ఈ జన్మలో ఆమెకు చావుగా రాబోతోంది. ఆమె ఆ సైనికుడు కాదు, ఆ సైనికుడు ఆమె కాదు, అయినా అతడు చంపాడు కాబట్టి ఆమె చావాలి. మన సినిమాలలో పునర్జన్మ తరచు తీరని ప్రేమ మళ్ళీ ఫలించడానికి వస్తుంది. పాత జన్మలోని మనిషే కొత్త దేహంలో వస్తాడు, బాకీ తీర్చుకుంటాడు. ఇక్కడ మనిషి కొనసాగడు, కర్మ ఒక్కటే కొనసాగుతుంది. దీనిలో న్యాయం ఎక్కడుందని అడగడం తప్ప దారి లేదు, రచయిత కూడా సమాధానం చెప్పి తప్పించుకోడు. నాయకుడు ఆమెను ఒకసారి కాపాడతాడు, మరోసారి కాపాడతాడు. చివరకు తన చావు తప్పదని తెలుసుకున్న ఆమె, మిగిలిన కాలంలో ఒక మంచి పని చేయాలని అతని స్నేహితురాలిని చంపినవాడి కోసం కొండల్లోకి వెళ్ళి, అక్కడే ప్రాణం పోగొట్టుకుంటుంది. ఏళ్ళ తరువాత ఆ హంతకుడు ఎదురైనప్పుడు నాయకుడు అతన్ని చంపడు. జరిగిపోయిన కర్మ మారదు, ఈ క్షణంలో నువ్వు చేసే పని మాత్రం నీ చేతిలో ఉంది అన్నంత వరకే సినిమా వెళ్తుంది. హాంకాంగ్ ఫిల్మ్ అవార్డులలో 2004లో దీనికి ఉత్తమ చిత్రం, ఉత్తమ నటుడు పురస్కారాలతో పాటు ఉత్తమ స్క్రీన్‌ప్లే పురస్కారం కూడా దక్కింది.

ఆ స్క్రీన్‌ప్లేకు వై కా ఫైతో కలిసి యావ్ నై హోయ్, ఆవ్ కిన్ యీ, యిప్ టిన్ షింగ్ పేర్లు కూడా ఉన్నాయి. ఈ విషయం మనం నిజాయితీగా చెప్పుకోవాలి. మిల్కీవేలో కథలు ఒక్కరి బల్ల మీద పుట్టలేదు, టీవీ గదిలోని ఆ ఉమ్మడి పద్ధతే సినిమాకూ వచ్చింది. చాలా హాంకాంగ్ సినిమాలకు మనం బౌండ్ స్క్రిప్ట్ అనుకునే పూర్తి రాతప్రతి చిత్రీకరణకు ముందు ఉండేది కాదు, డైలాగుల కాగితాలు ఆ రోజుకారోజు సెట్‌కి చేరేవి. ఇటువంటి చోట ఏ వాక్యం ఎవరిదో తేల్చలేం. అయినా జానీ టో ఇతర రచయితలతో చేసిన సినిమాలను, వై కా ఫైతో చేసినవాటిని పక్కపక్కన పెట్టి చూస్తే తేడా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. మొదటివాటిలో నిశ్శబ్దం, స్థలం, మగవాళ్ళ మధ్య మాటకు కట్టుబడడం ప్రధానం. రెండోవాటిలో కథే ఎగిరి దూకుతుంది, సాధ్యంకాని ఊహ ఒకటి మొదటి పది నిమిషాలలోనే వచ్చి కూర్చుంటుంది.

ఆ ఊహలలో అత్యున్నతమైనది 2007లో వచ్చిన ‘మ్యాడ్ డిటెక్టివ్’. వెనిస్ చిత్రోత్సవంలో పోటీ విభాగంలో ప్రదర్శించారు. మొదటి దృశ్యంలో లావ్ చింగ్ వాన్ పోషించిన డిటెక్టివ్ బన్ వేలాడుతున్న పంది కళేబరాన్ని కత్తితో పొడుస్తూ ఉంటాడు. ఆపైన తనను ఒక సూట్‌కేసులో పెట్టి మెట్ల మీది నుంచి దొర్లించమని తోటి అధికారిని అడుగుతాడు. పెట్టెలోంచి బయటికి వచ్చి, హంతకుడు ఐస్‌క్రీం దుకాణం యజమాని అని చెబుతాడు. మరికాసేపటికి పదవీ విరమణ చేస్తున్న పై అధికారికి తన చెవి కోసి కానుకగా ఇస్తాడు. ఇతనికి మనుషుల లోపలి వ్యక్తిత్వాలు విడివిడి మనుషులుగా కనిపిస్తాయి. అనుమానితుడైన పోలీసు వీధిలో నడుస్తుంటే అతని వెంట ఈలవేస్తూ ఏడుగురు నడుస్తారు, ఒక్కొక్కరినీ ఒక్కో నటుడో నటియో పోషించారు. సాయం కోసం వచ్చిన యువ అధికారి లోపల బన్‌కు కనిపించేది భయపడిన చిన్న పిల్లవాడు. పాత్ర అంతరంగాన్ని బయటికి తీసుకురావడమెలా అని స్క్రీన్‌ప్లే రాసే ప్రతివాడూ తల పట్టుకుంటాడు, ఈయన దాన్ని అక్షరాలా చేసి చూపించాడు.

ముగింపు ఇంకా గొప్పది. పగిలిన అద్దాల గదిలో కాల్పులు ముగిశాక, ప్రాణాలతో మిగిలిన ఆ యువ అధికారి చచ్చినవాళ్ళ చేతుల్లోని తుపాకులను మారుస్తాడు. ఒకలా పెట్టి ఆలోచిస్తాడు, నప్పదనుకుని మరోలా పెడతాడు, మళ్ళీ మారుస్తాడు. విచారణలో ఏ కథ నిలబడుతుందో ఆ కథ కోసం వెతుకుతున్నాడు. నిజాన్ని తిరగరాసే పని ఒక భయస్తుడి చేతిలోకి వెళ్తే ఏమవుతుందో ఆ నిమిషంలో తెలుస్తుంది. ఆవ్ కిన్ యీతో కలిసి రాసిన ఈ రచనకు కూడా ఉత్తమ స్క్రీన్‌ప్లే పురస్కారం వచ్చింది.

2009లో వచ్చిన ‘రిటెన్ బై’ గురించి కొద్దిగానే చెబుతాను, అందరూ చూడవలసినదే అయినా. ప్రమాదంలో తండ్రి చనిపోతాడు, కూతురు చూపు కోల్పోతుంది. పెద్దయ్యాక ఆమె ఒక నవల మొదలుపెడుతుంది. అందులో తండ్రి ఒక్కడే బతికి, చూపు పోయి, మిగిలినవాళ్ళంతా చనిపోయారని రాస్తుంది. ఆ నవలలోని తండ్రి తన కుటుంబాన్ని బతికించుకోవడానికి మరో నవల రాస్తాడు. కథలో కథ చిక్కబడి ఒక దశలో దారి తప్పుతుంది కూడా. అయినా దుఃఖంలో ఉన్నవాళ్ళు కథలు ఎందుకు చెప్పుకుంటారో ఇంత సూటిగా అడిగిన రచన మరొకటి నాకు తెలియదు.

తరువాతి దశలో హాంకాంగ్ సినిమా బతకాలంటే చైనా ప్రధాన భూభాగపు మార్కెట్ తప్పనిసరి అయింది. అక్కడి సెన్సార్ నియమాలు వేరు, భాష మాండరిన్. 2011 నాటి ‘డోంట్ గో బ్రేకింగ్ మై హార్ట్’లో ఎదురెదురు ఆఫీసు భవనాల అద్దాల కిటికీలకు అంటించిన కాగితపు చీటీలతోనే ప్రేమ నడుస్తుంది. 2012లో ‘డ్రగ్ వార్’ వచ్చింది. అందులో ఒక పోలీసు కెప్టెన్ ముందు ఒక మాదకద్రవ్యాల వ్యాపారిని కలుస్తాడు. మాట మాట్లాడితే పెద్దగా నవ్వే ఆ మనిషి తీరును గమనించి, కొద్ది నిమిషాలలోనే తానే ఆ వ్యాపారినంటూ ఇంకొకడి ముందు కూర్చుని అదే నవ్వు నవ్వుతాడు. ముందు సన్నివేశం మనం చూశాం కాబట్టి రెండో సన్నివేశంలో ప్రతి నవ్వుకూ గుండె జారుతుంది. ఒక్క తుపాకీ పేలకుండా రచనతోనే పుట్టించిన ఉత్కంఠ అది. కర్మకూ దెయ్యాలకూ చోటులేని నియమాల మధ్య కూడా ఆయన పని సాగిందని ఈ సన్నివేశమే సాక్ష్యం.

2013లో ‘బ్లైండ్ డిటెక్టివ్’ కాన్ చిత్రోత్సవంలో అర్ధరాత్రి ప్రదర్శనగా వెళ్ళింది. ఆ తరువాత చాలా కాలం ఆయన తెర మీద పెద్దగా కనిపించలేదు. 2022లో ‘డిటెక్టివ్ వర్సెస్ స్లూత్స్’తో తిరిగి వచ్చాడు, మళ్ళీ లావ్ చింగ్ వాన్‌తోనే. పోలీసు శాఖ పిచ్చివాడని బయటికి పంపిన డిటెక్టివ్ పాత కేసులలో తప్పు తీర్పులు జరిగాయని ఏళ్ళ తరబడి చెబుతూ ఉంటాడు, ఆయన వేలెత్తి చూపినవాళ్ళను ఒక ముఠా చంపడం మొదలుపెడుతుంది. 2023లో హాంకాంగ్ ఫిల్మ్ అవార్డులలో ఆ చిత్రానికి ఉత్తమ చిత్రం, ఆయనకు ఉత్తమ దర్శకుడు పురస్కారాలు లభించాయి. రెండో సగంలో పేలుళ్ళు ఎక్కువై కథ ఊపిరాడక ఇబ్బంది పడిందని నేను భావిస్తాను. కానీ అరవై ఏళ్ళ వయసులో, మూసేసిన ప్రతి కేసునూ మళ్ళీ తెరిపించి ఇంకో రకంగా జరిగి ఉండవచ్చు కదా అని పట్టుబట్టే మనిషిని కథానాయకుడిగా ఎంచుకున్నాడంటే, ‘టూ మెనీ వేస్’ రాసిన రోజుల్లోని పంతం ఆయనలో ఏమాత్రం తగ్గలేదు. ఆ సినిమాను ‘మ్యాడ్ డిటెక్టివ్’ చూసిన తరువాతే చూడమని, రెండింటిలోనూ లావ్ చింగ్ వాన్ ఒంటరిగా ఉన్నప్పుడు ఎవరితో మాట్లాడుతున్నాడో గమనించమని ఇక్కడున్న యువ రచయితలను కోరుతున్నాను.